డాష్‌బోర్డు మీద పసుపు దీపం: ఎస్‌యూవీకి టైరు సెన్సర్ కొనాలా, వద్దా?

చలికాలం పొద్దున బండి స్టార్ట్ చేయగానే డాష్‌బోర్డు మీద పసుపు రంగులో ఒక గుర్తు వెలుగుతుంది. టైరును అడ్డంగా కోసినట్టుండే బొమ్మ, మధ్యలో ఆశ్చర్యార్థకం. పదిహేను కిలోమీటర్లు తిరిగి, కాస్త ఎండ ఎక్కాక అదే ఆరిపోతుంది. మర్నాడు పొద్దున మళ్లీ వస్తుంది. ఇలా వారం గడిచేసరికి యజమాని ఒక నిర్ణయానికి వచ్చేస్తాడు: టైరులో గాలి ఒత్తిడి కొలిచే సెన్సర్ పోయింది, కొత్తది వేయించాలి. చాలాసార్లు ఈ నిర్ణయం తప్పు. అక్కడ పోయింది సెన్సర్ కాదు, గాలి.

లెక్క వేసి చూస్తే విషయం తేలిపోతుంది. మే నెలలో నల్గొండలో ఎండ 45 డిగ్రీల దాకా పోతుంది. అలాంటి రోజుల్లో 42 డిగ్రీల వేడిలో నిలిపి ఉన్న బండికి 33 పీఎస్ఐ గాలి కొట్టించారనుకుందాం. ఇసుమంత గాలి బయటికి పోకపోయినా, జనవరి పొద్దున 16 డిగ్రీలున్నప్పుడు అదే టైరు 29 చూపిస్తుంది. దీనికి తోడు, పంక్చర్ లేకపోయినా రబ్బరు గుండా నెలకు సుమారు ఒక పీఎస్ఐ తగ్గుతూనే ఉంటుంది. దసరాకు కొట్టించి సంక్రాంతి దాకా ముట్టుకోని టైరు 27కి దిగడం మామూలే. నాలుగు టైర్లలో ఒకటి మిగతావాటికంటే కొంచెం ఎక్కువ వదిలేదైతే అది 25 దగ్గరికి చేరుతుంది. దీపం వెలిగే గీత కూడా దాదాపు అక్కడే ఉంటుంది. బండి నడిస్తే టైరు వేడెక్కి ఒత్తిడి నాలుగైదు పీఎస్ఐ పెరుగుతుంది, దీపం ఆరుతుంది. సెన్సర్ తన పని తాను సక్రమంగా చేస్తోందనడానికి ఇంతకంటే రుజువు అక్కర్లేదు.

అందుకే సెన్సర్ ధర అడిగేముందు చేతిలో ఒక చిన్న ప్రెషర్ గేజ్ ఉండాలి. పెట్రోల్ బంకు దాకా నడిపి, అక్కడ మెషిన్‌లో చూసే అంకె వేడి టైరుది. చూడాల్సింది కనీసం మూడు గంటలు నిలిపి ఉంచిన బండిని, వీలైతే పొద్దున్నే, ఇంటి ముందే. డ్రైవర్ తలుపు తెరిస్తే పక్క పిల్లరు మీద అతికించిన స్టిక్కర్‌లో ఉండే అంకె ఈ చల్లటి టైరుకే వర్తిస్తుంది. టైరు పక్కగోడ మీద అచ్చు వేసి ఉండే అంకె ఆ టైరు తట్టుకోగల గరిష్ఠ ఒత్తిడి. దాన్ని చూసి గాలి కొట్టించేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు.

దీనికి రివర్స్‌లో జరిగే పొరపాటు ఇంకా ప్రమాదకరం. ఏప్రిల్ మధ్యాహ్నం జడ్చర్ల నుంచి 44వ నంబరు జాతీయ రహదారి మీద పెబ్బేరు దాకా గంటకు వంద వేగంతో పోతే స్క్రీన్ మీద 38 కనిపిస్తుంది. టైరు పేలుతుందేమోనని టెన్షన్ పడి, దారిలో ఆపి గాలి తీయించేస్తారు. నిజానికి ఆ పెరుగుదలను లెక్కలో పెట్టుకునే కంపెనీ చల్లటి టైరుకు 33 అని చెప్పింది. వేడిలో 33కి దించితే, టైరు చల్లారాక అది 28కి పడుతుంది. గాలి తక్కువైన టైరు పక్కగోడలు ప్రతి చుట్టులోనూ ఎక్కువగా వంగి లేస్తాయి, ఆ వంపు వల్లే లోపల వేడి పుడుతుంది. ఎండాకాలంలో హైవే మీద టైరు పేలిందంటే జనం ఎక్కువ గాలిని తిట్టుకుంటారు కానీ, తక్కువ గాలి వల్ల పేలేవే ఎక్కువ.

అసలు ఈ హెచ్చరిక పరికరం అమెరికాలో అన్ని కార్లలోకి రావడానికి కారణం కూడా వేడి, తక్కువ గాలి, ఎస్‌యూవీ, ఈ మూడూ కలవడమే. 2000 ఆగస్టులో ఫైర్‌స్టోన్ కంపెనీ అమెరికాలో 65 లక్షల టైర్లను వెనక్కి పిలిచింది. అందులో ఎక్కువ భాగం ఫోర్డ్ ఎక్స్‌ప్లోరర్ అనే ఎస్‌యూవీకి వేసినవి. వేగంగా పోతుండగా టైరు పైపొర ఊడిపోయి, బండ్లు పల్టీ కొట్టి వందల మంది చనిపోయారు. ఆ ప్రమాదాలు టెక్సస్, ఫ్లోరిడా, ఆరిజోనా లాంటి వేడి రాష్ట్రాల్లోనే ఎక్కువగా జరిగాయి. ఆ బండికి ఫోర్డ్ సూచించిన ఒత్తిడి 26 పీఎస్ఐ. 30 ఉండాలని ఫైర్‌స్టోన్ వాదన. తప్పు టైరుదా, బండిదా అన్న గొడవ ముదిరి, రెండు కంపెనీల మధ్య దాదాపు నూరేళ్లుగా ఉన్న వ్యాపార సంబంధం 2001లో తెగిపోయింది. ఈలోగా 2000 నవంబరులోనే అక్కడ ట్రెడ్ చట్టం వచ్చింది. దాని ప్రకారం 2007 సెప్టెంబరు నుంచి తయారైన ప్రతి కొత్త కారులోనూ టైరు ఒత్తిడి హెచ్చరిక తప్పనిసరి అయింది. సూచించిన ఒత్తిడి కంటే 25 శాతం తగ్గితే దీపం వెలగాలన్నది ఆ నియమమే. యూరప్‌లో 2014 నవంబరు నుంచి అమ్మే కొత్త కార్లన్నింటికీ ఇది తప్పనిసరి.

మన దేశంలో ఇది తప్పనిసరి కాదు. పై వేరియంట్ కొన్నవాళ్లకు దొరికే హంగుగానే వచ్చింది. దాని ఫలితం చిన్న ఊళ్లలో ఇప్పుడు కనిపిస్తోంది. అమెరికాలో ప్రతి టైరు షాపులోనూ సెన్సర్లను పలికించే పరికరం ఉండక తప్పదు. ఇక్కడ మిర్యాలగూడలోనో, వనపర్తిలోనో, అచ్చంపేటలోనో టైరు షాపు నడిపేవాడికి ఆ పరికరం మీద పెట్టుబడి పెట్టే అవసరం ఇన్నాళ్లూ రాలేదు. సెన్సర్‌దేముంది, ఆన్‌లైన్‌లో ఆర్డర్ పెడితే ఇంటికే వస్తుంది. దాన్ని బండి గుర్తుపట్టేలా చేసేవాళ్లు దొరకడమే కష్టం. కొనే నిర్ణయమంతా ఈ ఒక్క సంగతి చుట్టూ తిరగాలి.

మీ బండిలో సెన్సర్ ఉందా?

వింతగా అనిపించినా మొదట అడగాల్సిన ప్రశ్న ఇదే. ఈ వ్యవస్థ రెండు రకాలు. ఒకదానిలో ప్రతి చక్రం లోపల, గాలి కొట్టే వాల్వుకు బిగించి ఒక సెన్సర్ ఉంటుంది. అది ఒత్తిడిని కొలిచి రేడియో తరంగాలతో బండికి పంపుతుంది. మహీంద్రా ఎక్స్‌యూవీ 300, ఎక్స్‌యూవీ 700, హ్యుందాయ్ క్రెటా, కియా సెల్టోస్ పై వేరియంట్లలో ఉండేది ఈ రకం. రెండో రకంలో చక్రం లోపల ఏమీ ఉండదు. గాలి తగ్గిన టైరు చుట్టుకొలత కొద్దిగా తగ్గి, మిగతావాటికంటే వేగంగా తిరుగుతుంది. ఏబీఎస్ బ్రేకుల కోసం ఎలాగూ ఉన్న స్పీడ్ సెన్సర్ల ద్వారా కంప్యూటర్ ఆ తేడా పట్టుకుంటుంది. టాటా హారియర్, సఫారీల్లో ఐటీపీఎంఎస్ పేరుతో వచ్చేది, స్కోడా కుషాక్, ఫోక్స్‌వ్యాగన్ టైగున్‌లలో ఉండేది ఈ రెండో రకమే.

తేడా పట్టడం సులువు. స్క్రీన్ మీద నాలుగు టైర్లకూ విడివిడిగా పీఎస్ఐ అంకెలు కనిపిస్తే లోపల సెన్సర్లు ఉన్నట్టే. అంకెలు లేకుండా, మెనూలో ఒత్తిడిని రీసెట్ చేయమనే ఆప్షన్ మాత్రమే ఉంటే అది రెండో రకం. అలాంటి బండికి కొనాల్సిన సెన్సరే లేదు. గాలి సరిచేసి, రీసెట్ నొక్కి, కాసేపు నడిపితే సరి. రీసెట్ మరిచిపోవడం వల్ల, లేదా ముందు ఒక కంపెనీ టైర్లు, వెనక ఇంకో కంపెనీ టైర్లు వేయడం వల్ల దీపం వెలుగుతుంటే, సెన్సర్ మార్చాలని చెప్పే మెకానిక్‌కు ఒక దండం పెట్టి బయటికి వచ్చేయాలి. ఈ రకానికి ఒక బలహీనత ఉంది. నాలుగు టైర్లలోనూ గాలి సమానంగా తగ్గితే పోల్చుకోవడానికి తేడా ఉండదు కాబట్టి కొన్ని బండ్లలో అది సరిగా పట్టుకోలేదు. అందువల్ల ఇలాంటి బండి ఉన్నవాళ్లు గేజ్‌ను మరింత తరచుగా బయటికి తీయాలి.

సెన్సర్ నిజంగా పోతే

లోపల ఉండే సెన్సర్ బరువు సుమారు 30 గ్రాములు. 17 అంగుళాల రిమ్ము ఉన్న ఎస్‌యూవీ వంద వేగంతో పోతుంటే చక్రం సెకనుకు దాదాపు 13 సార్లు తిరుగుతుంది. ఆ వేగానికి ఆ 30 గ్రాముల ముక్క మీద పడే బలం నాలుగు కిలోల బరువుతో సమానం. దానికి తోడు బ్రేకుల వేడి, రోడ్డు కుదుపులు. అందుకే బ్యాటరీని, సర్క్యూట్‌ను కలిపి గట్టి రసాయనంతో పోతపోసి మూసేస్తారు. బ్యాటరీ అయిపోతే విప్పి కొత్తది వేసే వీలు ఉండదు, సెన్సర్ మొత్తం మార్చాల్సిందే. ఈ బ్యాటరీలు మామూలుగా 5 నుంచి 10 ఏళ్లు వస్తాయి. బండి నిలిపి ఉన్నప్పుడు సెన్సర్ నిద్రపోతుంది. చక్రం తిరగడం మొదలైతే లోపలి కదలిక సెన్సర్ దాన్ని లేపుతుంది. స్టార్ట్ చేయగానే అంకెలకు బదులు గీతలు కనిపించి, కాస్త నడిచాక అంకెలు రావడానికి కారణం ఇదే. చాలామంది దీన్ని కూడా లోపమే అనుకుంటారు. రోజూ హైదరాబాద్ వెళ్లొచ్చే బండిలో బ్యాటరీ త్వరగా అయిపోతుంది, వారానికోసారి పొలం దాకా వెళ్లే బండిలో ఎక్కువ కాలం వస్తుంది. వేడి ఏ బ్యాటరీకీ మంచిది కాదు కాబట్టి మన దగ్గర పదేళ్లు వస్తుందని నమ్ముకుని కూర్చోవడం అత్యాశే.

బ్యాటరీ కంటే ముందే సెన్సర్లను చంపేది టైరు ఊడదీసే పద్ధతి. మామూలు ట్యూబ్‌లెస్ పంక్చర్‌కు బయటి నుంచే జిగురు రాసిన తాడు దూర్చి మూసేస్తారు, దానివల్ల సెన్సర్‌కు ఏ హానీ లేదు. ఇబ్బంది రిమ్ము నుంచి టైరు విప్పినప్పుడే వస్తుంది. ఈ ప్రాంతంలో ఆ అవసరం తరచుగానే పడుతుంది. వానాకాలం పంటకూ యాసంగికీ కోతలు కాగానే సగం రోడ్డు వడ్ల కల్లంగా మారుతుంది. ఆరబోసిన వడ్ల చుట్టూ పెట్టిన రాళ్లు రాత్రిపూట కనిపించవు. టైరు పక్కగోడ తెగడం, రిమ్ము వంగడం రెండూ వాటి వల్ల జరిగేవే. కేజ్ వీల్స్‌తో ట్రాక్టర్లు తిరిగిన తారు రోడ్ల సంగతి చెప్పనక్కర్లేదు. రిమ్ము సరిచేసే షాపులో వేడి చేస్తారు, సుత్తితో కొడతారు. ఆ పనికి ముందే సెన్సర్‌ను విప్పి పక్కన పెట్టమని చెప్పాలి. ఇనుప రాడ్లతో టైరు ఊడదీసే షాపులోనైతే వాల్వు ఉన్న చోట రాడ్డు దూర్చొద్దని ముందే చెప్పాలి. మెషిన్ ఉన్న షాపులో కూడా టైరు అంచును నొక్కి విడదీసే పలక వాల్వుకు దూరంగా పడాలి. బయటికి కనిపించే వాల్వు రబ్బరుదైనంత మాత్రాన లోపల సెన్సర్ లేదని అనుకోకూడదు. రబ్బరు వాల్వుతో వచ్చే సెన్సర్లూ ఉన్నాయి.

పంక్చర్ పడకుండా టైరులో ముందే పోసే జెల్ మరో శత్రువు. అది సెన్సర్‌లో గాలి ఒత్తిడి తెలిసే సన్నటి రంధ్రాన్ని మూసేస్తే, సెన్సర్ బతికే ఉన్నా తప్పుడు అంకె చూపిస్తుంది.

దీపం వెలిగే తీరు కూడా కొంత చెబుతుంది. స్టార్ట్ చేయగానే వెలిగి అలాగే నిలిచి ఉంటే గాలి తక్కువైనట్టు. ఒక నిమిషం, నిమిషంన్నర పాటు మిణుకు మిణుకుమని ఆ తర్వాత స్థిరంగా వెలిగితే వ్యవస్థలోనే లోపం ఉన్నట్టు. అంటే సెన్సర్ పలకడం లేదు. చాలా కంపెనీల బండ్లలో ఇదే పద్ధతి. అయితే లోపం చూపించినా సెన్సర్ చచ్చిందని కాదు. మన దగ్గర చాలా ఎస్‌యూవీలకు స్టెప్నీ స్టీలు రిమ్ముతో, సెన్సర్ లేకుండా వస్తుంది. పంక్చరై స్టెప్నీ వేసుకున్న బండి ఈ లోపాన్ని చూపించడం సహజం. అసలు చక్రం తిరిగి వేయగానే పోతుంది.

కొనేటప్పుడు

గాలి సరిగ్గా ఉంది, స్టెప్నీ వేయలేదు, అయినా ఒక టైరు దగ్గర గీతలే వస్తున్నాయి. అప్పుడు సెన్సర్ మార్చక తప్పదు. ఇక్కడ రెండు దారులున్నాయి. కంపెనీ సర్వీస్ సెంటర్‌లో ఒరిజినల్ సెన్సర్ వేయించడం ఒకటి. రకరకాల బండ్లకు సరిపోయేలా ప్రోగ్రామ్ చేసుకునే యూనివర్సల్ సెన్సర్ వేయించడం రెండోది. ఒరిజినల్ ఒక్కోటి వేల రూపాయల్లోనే ఉంటుంది. యూనివర్సల్ దానికంటే తక్కువకే దొరుకుతుంది. షాడర్, కాంటినెంటల్, ఆటెల్ లాంటి కంపెనీలు వీటిని చేస్తాయి.

ధర ఒక్కటే చూసి ఆన్‌లైన్‌లో కొనేవాళ్లు దెబ్బతినేది ఫ్రీక్వెన్సీ దగ్గర. మన దేశంలో అమ్మే బండ్ల సెన్సర్లు 433 మెగాహెర్ట్జ్ మీద పలుకుతాయి. అమెరికా మార్కెట్ కోసం చేసిన చాలా సెన్సర్లు 315 మీద పనిచేస్తాయి. పేరు అదే, మోడల్ అదే, ఫోటో కూడా అదే, చక్రంలో సరిగ్గా కూర్చుంటుంది, కానీ బండికి దాని మాట వినపడదు. ఫ్రీక్వెన్సీ సరిపోయినా చాలదు. సమాచారం పంపే భాష ఒక్కో కంపెనీకి ఒక్కోలా ఉంటుంది. కాబట్టి పాత సెన్సర్ మీద ముద్రించిన పార్ట్ నంబరుతో కొత్తదాన్ని పోల్చి చూసుకోవడమే భద్రమైన మార్గం. ఆ నంబరు చూడాలంటే టైరు విప్పాలి కాబట్టి, బండి ఛాసిస్ నంబరు ఇచ్చి సర్వీస్ సెంటర్ స్పేర్స్ కౌంటర్‌లో అడగడం తేలిక.

తర్వాతిది పరిచయం చేయించే పని. ప్రతి సెన్సర్‌కూ తనదైన ఐడీ నంబరు ఉంటుంది. తన నాలుగు ఐడీలను మాత్రమే బండి వింటుంది. లేకపోతే టోల్‌గేట్ క్యూలో పక్క బండి టైర్ల అంకెలు కూడా మన స్క్రీన్ మీదికి వచ్చేవి. కొన్ని బండ్లు కొత్త సెన్సర్‌ను పది ఇరవై నిమిషాలు నడిపితే వాటంతటవే నేర్చుకుంటాయి. కొన్నింటికి వాల్వు దగ్గర చేతి పరికరం పెట్టి సెన్సర్‌ను నిద్రలేపి, ఐడీని డాష్‌బోర్డు కింది ఓబీడీ సాకెట్ ద్వారా బండి కంప్యూటర్‌లో ఎక్కించాలి. యూనివర్సల్ సెన్సర్‌లో ఒక వెసులుబాటు ఉంది. పాత సెన్సర్ ఐడీ తెలిస్తే దాన్నే కొత్తదానిలోకి కాపీ చేయొచ్చు, బండికి మార్పు జరిగిన సంగతే తెలియదు. పాతది పూర్తిగా చచ్చాక రేడియోలో దాని ఐడీ చదవడం కుదరదు. సెన్సర్లు బతికి ఉన్నప్పుడే నాలుగు ఐడీలూ చదివించి రాసిపెట్టుకోవడం ఐదేళ్లు దాటిన బండికి చాలా తెలివైన పని.

సెన్సర్ ఐడీ చదివి బండిలో ఎక్కించే ఈ చేతి పరికరం ఎక్కడుందన్నది ముందే ఫోన్ చేసి కనుక్కోవాలి. నల్గొండ, మహబూబ్‌నగర్‌లలో పెద్ద కంపెనీల సర్వీస్ సెంటర్లున్నాయి, తమ బ్రాండ్ బండి వరకు ఆ పని చేయించుకోవచ్చు. యూనివర్సల్ సెన్సర్ల కోసం హైదరాబాద్ రాణిగంజ్, పుత్లీబౌలి మార్కెట్ల వైపు చూస్తారు. కోదాడ, సూర్యాపేట వాళ్లకు విజయవాడ ఆటోనగర్, గద్వాల వాళ్లకు కర్నూలు కూడా దగ్గరే. సెన్సర్ ఒక చోట కొని, బిగించడం ఇంకో చోట, ప్రోగ్రామింగ్ మరో చోట పెట్టుకుంటే తేడా వచ్చినప్పుడు ఎవరూ బాధ్యత తీసుకోరు. నాలుగు వందలు ఎక్కువైనా మూడూ ఒకే చోట, ఒకే బిల్లు మీద చేయించుకోవడం మేలు. దీపం ఆరి, నాలుగు అంకెలూ స్క్రీన్ మీద కనిపించాకే డబ్బు కట్టాలి.

ఒకటి మార్చాలా, నాలుగూనా? రాయి తగిలో, రాడ్డు తగిలో విరిగితే ఆ ఒక్కటి చాలు. బ్యాటరీ అయిపోయి పోతే లెక్క వేరు. నాలుగూ ఒకే రోజు ఫ్యాక్టరీలో బిగించినవి, ఒకేలా తిరిగినవి. మిగతా మూడూ ఏడాది అటూ ఇటూగా అదే దారి పడతాయి. ఒక్కోసారి ఒక్కో టైరు విప్పించి, బ్యాలెన్సింగ్ చేయించి, పరికరం ఉన్న ఊరు దాకా వెళ్లిరావడానికి అయ్యే ఖర్చు కలిపితే నాలుగూ ఒకేసారి మార్చడమే చవక. అందుకు సరైన సమయం కొత్త టైర్లు వేయించే రోజు. ఎలాగూ టైర్లు విప్పుతారు కాబట్టి విప్పే కూలీ మిగులుతుంది. బ్యాటరీ పోయినా బండి ఆగిపోదు. టైర్లకు ఇంకో ఆరు నెలల ఆయుష్షు ఉంటే నెలకు రెండుసార్లు గేజ్‌తో చూసుకుంటూ అప్పటిదాకా ఆగడంలో తప్పేం లేదు.

సెన్సర్ బాగానే ఉన్నా, కొత్త టైర్లు వేసేటప్పుడు అల్యూమినియం వాల్వు రబ్బరు వాషర్, నట్టు, లోపలి పిన్ను, మూత మార్పించాలి. ఈ చిన్న కిట్ ధర సెన్సర్ ముందు లెక్కలోది కాదు. ఎండకు గట్టిపడిన పాత వాషర్‌నే మళ్లీ బిగిస్తే అక్కడి నుంచే గాలి జారుతుంది, మళ్లీ దీపం, మళ్లీ అనుమానం సెన్సర్ మీదే. పిన్ను నికెల్ పూత ఉన్నదే కావాలి. మామూలు ఇత్తడి పిన్ను అల్యూమినియం వాల్వులో తుప్పుతో అతుక్కుపోతుంది, గట్టిగా తిప్పితే వాల్వే విరుగుతుంది. తళతళలాడే లోహపు మూతలతోనూ ఇదే బాధ, ప్లాస్టిక్ మూతే ఉత్తమం.

ఫ్యాక్టరీ నుంచి ఈ వ్యవస్థ లేని పాత బొలెరోలకు, ఇన్నోవాలకు వాల్వు మూత స్థానంలో బిగించే బయటి సెన్సర్ల కిట్ చాలు. డాష్‌బోర్డు మీద పెట్టే చిన్న సోలార్ డిస్‌ప్లేతో వస్తుంది. బ్యాటరీ నాణెం సైజుది, ఇంట్లోనే మార్చుకోవచ్చు. ఒరిజినల్ సెన్సర్ల ఖర్చు భరించలేని పాత ఎస్‌యూవీకి కూడా ఇదే సలహా, డాష్‌బోర్డు మీద అసలు దీపం వెలుగుతూనే ఉన్నా సరే. శ్రీశైలం వెళ్లేవాళ్లకు మన్ననూరు దాటాక అడవిలో ఫోన్ సిగ్నల్ అంతంతమాత్రం, పంక్చర్ షాపు వెతికినా దొరకదు. అక్కడ గాలి నెమ్మదిగా దిగుతోందని ముందే చెప్పే ఏ పరికరమైనా డబ్బుకు తగినదే.

స్టెప్నీ లేని కొత్త బండ్లకైతే ఈ చర్చే వేరు. 2020 జులైలో కేంద్రం మోటారు వాహనాల నిబంధనలు సవరించింది. మూడున్నర టన్నుల లోపు బండికి ట్యూబ్‌లెస్ టైర్లు, పంక్చర్ కిట్, ఒత్తిడి హెచ్చరిక వ్యవస్థ ఉంటే స్టెప్నీ అవసరం లేదంది. అంటే ఆ బండిలో సెన్సర్ స్టెప్నీకి బదులుగా వచ్చింది. అలాంటి బండిలో సెన్సర్ పోతే టైర్లు మార్చే దాకా ఆగకుండా వెంటనే మార్పించాలి. కిట్‌తో వచ్చే సీసాలోని ద్రవం వాడాల్సి వస్తే, అది సెన్సర్‌కు హాని చేయనిదేనా అన్నది బండి మాన్యువల్‌లో ముందే చూసుకోవాలి. వాడాక టైరు విప్పించి లోపలంతా కడిగించి, సెన్సర్ రంధ్రం తుడిపించాలి. పంక్చర్ వేసేవాడికి కూడా లోపల ద్రవం ఉందని చెప్పాలి, లేకపోతే టైరు విప్పగానే అదంతా అతని మీద పడుతుంది.